కదలని కెరటం

మ్యూనిక్ నగరానికి సముద్రం లేదు. పటం తీసి చూడండి. దక్షిణంగా ఆల్ప్స్ కొండలు దాటి ఇటలీలో దిగితే గాని ఉప్పునీళ్ళు కనిపించవు. తిన్నగా గీత గీసి కొలిచినా మూడువందల కిలోమీటర్ల వరకూ ఉంటుంది. అలాంటి ఊళ్ళో, 2019 జూన్ నెలలో, మేము విమానం దిగిన మూడోనాడు పొద్దున్నే ఒక కుర్రవాడు సైకిలు తొక్కుకుంటూ మా ముందునుంచి పోయాడు. కాళ్ళకు చెప్పులు లేవు. మెడనుంచి మడమల దాకా నల్లటి రబ్బరు తొడుగు. చంకలో తనంత ఎత్తు పలక.

"ఈ వేషం ఏమిటే?" అని మా ఆవిడ అమ్మాయిని అడిగింది.

"సర్ఫింగ్‌కి వెడుతున్నాడమ్మా. అలమీద పలక వేసుకుని నుంచుంటారే, అది."

"అల ఎక్కడుంది?"

"ఇక్కడే, ఊళ్ళోనే" అన్నది అమ్మాయి. అప్పుడు అది నా మొహం చూడలేదు. ఆ సంగతి నాకు తరవాత గుర్తుకొచ్చింది.

మాది గోదావరి తూర్పు డెల్టా. కాటన్ దొర 1847లో మొదలుపెట్టి 1852 నాటికి పూర్తిచేసిన ధవళేశ్వరం ఆనకట్ట నీళ్ళు తాగి పెరిగినవాళ్ళం. నీటిపారుదల శాఖలో చిన్న ఉద్యోగంలో చేరి, కాలవగట్ల మీద ముప్పయ్యెనిమిదేళ్ళు సైకిలూ, తరవాత మోటారు సైకిలూ అరగదీసి, 2018లో రిటైరయ్యాను. మాకు ఒక్కతే పిల్ల. చదువుకని వెళ్ళి అక్కడే ఒక కార్ల కంపెనీలో ఇంజనీరుగా స్థిరపడింది. చుట్టూ కాలవలున్న ఊళ్ళో పుట్టిందే గాని దానికి ఈత రాదు. నేను నేర్చుకోనివ్వలేదు. కాలవరేవుకి వెడితే కాళ్ళు విరగ్గొడతానన్నాను. ఏడాదికోసారి పుష్కరాల కథలు చెప్పే బామ్మ కూడా దాన్ని రేవు మెట్టు దిగనిచ్చేది కాదు. ఎందుకో దానికి ఎవరూ చెప్పలేదు.

ఇక అసలు సంగతికి వస్తాను. అమ్మాయి ఇంటి బాల్కనీలో ఒక మూల, మనిషి చర్మం వొలిచి ఆరవేసినట్టు, అలాంటి నల్ల తొడుగే ఒకటి వేలాడుతున్నది. "స్నేహితురాలిది" అన్నది. మా ఆవిడ నమ్మింది. నేనూ నమ్మినట్టే ఊరుకున్నాను.

ఆ శనివారం అల చూపిస్తానని తీసుకెళ్ళింది. నగరం నడిబొడ్డున ఇంగ్లీషు తోట అని ఒక పెద్ద ఉద్యానవనం ఉన్నది. పేరు ఇంగ్లీషుది, ఊరు జర్మనులది, 1789లో దాన్ని వేయించినవాడు అమెరికాలో పుట్టిన బెంజమిన్ థాంప్సన్. వేడిని గురించి ఫిజిక్సు పుస్తకాల్లో మనం చదువుకున్న కౌంట్ రమ్‌ఫర్డ్ ఈయనే. తోటకి దక్షిణపు కొసన, 1937లో తెరచిన ఒక భారీ చిత్రశాల పక్కన, రోడ్డు వంతెన కిందినుంచి ఒక కాలవ బయటికి దూకుతుంది. పేరు ఐస్‌బాఖ్, అంటే మంచువాగు. ఊరి పక్కగా పోయే ఈజార్ నదినుంచి మళ్ళించి తీసిన పాయ. ఈజార్ ఆల్ప్స్ కొండల్లో పుట్టిన నది గనుక మండువేసవిలో కూడా నీరు వేళ్ళు కొంకర్లు పోయేంత చల్లగా ఉంటుంది.

వంతెనమీద జనం, మన ఊళ్ళో రథం చూడడానికి చేరినట్టు, పిట్టగోడమీద మోచేతులు ఆనించి నుంచున్నారు. మేమూ సందు చేసుకుని తొంగిచూచాము.

చూచేసరికి నాకు ఒళ్ళు జల్లుమంది. కింద నీరు ఉరుకుతున్నది. ఆ ఉరుకుతున్న నీళ్ళలో ఒక కెరటం, కాలవ ఈ గట్టునుంచి ఆ గట్టుకి సుమారు పన్నెండు మీటర్ల పొడుగున, నడుమెత్తున లేచి, ఉన్నచోటే నిలబడి ఉంది. ముందుకు రాదు, వెనక్కి పోదు, విరగదు. దానిమీద ఒక పిల్ల పలకమీద నుంచుని, ఈ గట్టునుంచి ఆ గట్టుకీ, ఆ గట్టునుంచి ఈ గట్టుకీ, చీరకి అంచు కుట్టినట్టు పోతూ వస్తూ ఉన్నది. నీళ్ళు దాని కాళ్ళకిందనుంచి గంటకెన్నో మైళ్ళు పోతున్నాయి. పిల్ల మాత్రం మన కళ్ళముందే ఉన్నది.

అందరూ ఆ పిల్లని చూస్తున్నారు. నేను అలని చూస్తున్నాను. అది నాకు తెలుసు. దాన్ని మా శాఖలో "స్టాండింగ్ వేవ్" అంటారు. కాలవలో ఎంత నీరు పోతున్నదో కొలవడానికి మేము కట్టే తొట్టికి "స్టాండింగ్ వేవ్ ఫ్లూమ్" అనే పేరు. పల్చగా, వేగంగా జారివచ్చే నీరు, దిగువన లోతుగా, నిదానంగా ఉన్న నీటిని ఢీకొన్నప్పుడు, వెళ్ళే దారిలేక పైకి ఎగదన్నుతుంది. అంతే మర్మం. సముద్రంలో కెరటం నడుస్తుంది, నీరు దాదాపు ఉన్నచోటే ఉంటుంది. ఇక్కడ నీరు నడుస్తుంది, కెరటం ఉన్నచోటే ఉంటుంది. పలకమీద మనిషి బరువు అల వాలులో కిందికి లాగుతుంటే, వచ్చే నీరు పైకి తోస్తూ ఉంటుంది. రెండూ సరితూగినంతసేపే మనిషి నిలబడేది.

మీరు నవ్వుతారేమో గాని, నా ఉద్యోగమంతా ఆ అలని చంపడమే. లాకు కింద అది లేచిందంటే కాలవ అడుగుని తవ్వేస్తుంది, గట్లు కోసేస్తుంది. అంచేత దిగువన గచ్చు పోసి, సిమెంటు దిమ్మెలు పాతి, దాని ఉసురు తీసేవాళ్ళం. ఇక్కడ కూడా నీటి వేగం చావడానికి పాతిన రాతిదిమ్మెలే ఉన్నాయి. కాని 1970ల్లో కుర్రకారు వచ్చి, ఆ దిమ్మెలమీద లేచే అలని చూచి, దూలాలూ పలకలూ అమర్చి దాన్ని పెంచుకున్నారు. 2010 దాకా ఇక్కడ ఈ ఆట చట్టరీత్యా నిషిద్ధం. అయినా ఆడారు. చివరికి ఆ చోటు బవేరియా ప్రభుత్వంనుంచి నగరానికి మారి, ఆడుకోవచ్చునని ఒప్పుకున్నారు. ఆరితేరినవాళ్ళకే సుమా అని పక్కనే బోర్డు పెట్టారు. అది ఉత్త బెదిరింపు కాదు. నీటి లోతు కొన్నిచోట్ల మోకాలికి మించదు, అడుగున రాళ్ళు.

రెండు గట్లమీదా వరస. ఈ గట్టునుంచి ఒకరు దూకితే, వాళ్ళు పడిపోయాక ఆ గట్టునుంచి ఒకరు. నిమిషం నిలిస్తే గొప్ప. పడ్డవాడు ప్రవాహంలో కొట్టుకుపోయి, దిగువన ఒడ్డెక్కి, పలక చంకన పెట్టుకుని మళ్ళీ వరస చివరకి వస్తాడు. పోలీసు లేడు, టిక్కెట్టు లేదు, తోపులాట లేదు. మా ఆవిడ అది చూచి, "మన చౌకడిపో దగ్గర వీళ్ళని నుంచోబెట్టాలండీ" అన్నది.

ఇంతలో ఆ వరసలోంచి ఒక యాభయ్యేళ్ళ జర్మను తలెత్తి, అమ్మాయిని పేరుపెట్టి పిలిచి, చెయ్యి ఊపి, ఇంగ్లీషులో అరిచాడు: "రేపు తెప్పలరేవుకి వస్తున్నావు గదా! పలక నేను తెస్తాను!"

వంతెనమీద మేము ముగ్గురం కొంతసేపు మాట్లాడుకోలేదు.

తోటలో ఒక బెంచీమీద కూర్చున్నాక అమ్మాయి చెప్పింది. రెండేళ్ళ కిందట ఈత నేర్చుకున్నదిట, ఊళ్ళో పురపాలకుల ఈతకొలనులో, ఆరేళ్ళ పిల్లల పక్కన. ఆ జర్మను దాని ఆఫీసులోనే పనిచేస్తాడు. ఇరవయ్యేళ్ళకి పైగా ఈ ఆట ఆడుతున్నవాడు. కొత్తవాళ్ళకి సెలవురోజుల్లో ఊరికే నేర్పుతాడు. "మీకు చెబితే వద్దంటారని చెప్పలేదు నాన్నా" అన్నది. తరవాత నెమ్మదిగా, "ఎందుకు వద్దంటారో మీరూ ఎప్పుడూ చెప్పలేదు" అన్నది.

మా ఆవిడ నా వంక చూచింది. సరే, చెప్పాను.

నాకొక తమ్ముడుండేవాడు. వాడు జ్వరంతో పోయాడని అమ్మాయికి చెప్పి ఉంచాము. జ్వరం కాదు. 1971 ఆగస్టులో, మా ఊరి లాకుల దగ్గర. నాకు పదమూడు, వాడికి తొమ్మిది. ఈత నాకంటె వాడికే బాగా వచ్చు. తలుపుల కింద నీరు తెల్లగా నురగలు కక్కుతూ తిరగబడుతుంటుంది. అక్కడ దూకగలవా అన్నాను. దూకాడు. ఆ తెల్లనీరు మనిషిని వదలదు. పైనీరు వెనక్కి లాగుతుంది, పడే నీరు కిందికి తొక్కుతుంది, మళ్ళీ పైకి, మళ్ళీ వెనక్కి. లాకు లస్కరు పరుగెత్తుకొచ్చి తలుపులు దించాడు. నీరు నిమ్మళించింది. అప్పుడు పైకి వచ్చాడు.

దూకమన్నది నేనని మా అమ్మకి కూడా చెప్పలేదు. ఆ బెంచీమీదే మొదటిసారి చెప్పాను. అమ్మాయి ఏమీ అనలేదు, నా చెయ్యి పట్టుకుని కూర్చున్నది. కొంతసేపటికి, "రేపు నేను వెళ్ళను నాన్నా" అన్నది.

"వెడదాం. నేనూ వస్తాను" అన్నాను. ఎందుకన్నానో నాకే తెలియదు. మా ఆవిడ రాత్రంతా నిద్రపోలేదు.

తెప్పలరేవు అంటే ఫ్లోస్‌లెండ. ఊరికి దక్షిణాన, జంతుప్రదర్శనశాలకి దగ్గరలో, టాల్‌కిర్హెన్ అనే పేటలో ఉన్నది. భూగర్భ రైలులో వెళ్ళవచ్చు. పూర్వం కొండల్లో కొట్టిన దుంగల్ని తెప్పలు కట్టి ఈజార్‌లో వదిలితే ఇక్కడికి వచ్చి ఆగేవి. మన భద్రాద్రి వైపునుంచి కలపా వెదురూ తెప్పలుగా రాజమండ్రికి దిగినట్టే. ఇప్పుడు ఆ తెప్పలమీద కలప బదులు బీరుపీపాలూ, బాకాలు ఊదే మేళమూ, వినోదానికి వచ్చిన జనమూ దిగుతారు. మేము చూస్తుండగానే ఒకటి వచ్చింది. అంతమంది తాగి, అంత సంతోషంగా, అంత పద్ధతిగా దిగడం నేను ఎక్కడా చూడలేదు.

ఇక్కడి కెరటం చిన్నది, సాధువు. ఎగువనున్న జలవిద్యుత్కేంద్రం వాళ్ళు తగినంత నీరు వదిలితేనే లేస్తుంది. కొత్తవాళ్ళు ఇక్కడే ఓనమాలు దిద్దుతారు. ఆ జర్మను గురువు నాకు చెయ్యిచ్చి, అమ్మాయి ఏం చెప్పిందో ఏమో, ముందు నన్ను గట్టు వెంట నడిపించి కెరటం పక్కకి తీసుకెళ్ళాడు. "మీరు కాలవల ఇంజనీరు గదా, మీరే చూడండి" అన్నాడు. నున్నగా, పచ్చగా, గాజులాగ నిలిచిన అల మనిషిని వదిలేస్తుంది. పడ్డవాణ్ణి దిగువకి తోసేస్తుంది. తెల్లగా విరిగి వెనక్కి తిరగబడే అల పట్టుకుంటుంది. దాని జోలికి ఎంత మొనగాడైనా పోకూడదు. ఈ రెంటికీ తేడా తెలియనివాణ్ణి అసలు నీళ్ళలోకి దింపనన్నాడు. ముప్పయ్యెనిమిదేళ్ళ సర్వీసులో నేను ఎవరికీ ఇంత తేలిగ్గా చెప్పలేకపోయాను. ఆ లాకు దగ్గర ఎవరైనా చెప్పివుంటే బాగుండును.

పాఠం గడ్డిమీద మొదలైంది. అమ్మాయిని నుంచోబెట్టి, చెప్పకుండా వెనకనుంచి మెల్లిగా తోశాడు. ఏ కాలు ముందు వేసి ఆపుకుంటే ఆ కాలే పలకమీద ముందుండాలిట. మోకాళ్ళు వంచాలి, చూపు కాళ్ళమీద గాక ఎదటి గట్టుమీద ఉండాలి. పడడం ఎలాగో నుంచోవడంకంటె ఎక్కువసేపు నేర్పాడు. కాళ్ళు కిందికి దించవద్దు, రాళ్ళసందున ఇరుక్కుంటాయి. చేతులతో తల కప్పుకుని, చాపలాగ పరచుకుని పడు. కాళ్ళు దిగువకి పెట్టి వెల్లకిలా తేలిపో. సముద్రంలోలాగ పలకని తాడుతో కాలికి కట్టుకోవద్దు. నదిలో అడుగున ఏదున్నా ఆ తాడు దానికి చుట్టుకుంటుంది. ఆ మాట రెండుసార్లు చెప్పాడు.

తరవాత గట్టుమీద ఎగువన నుంచుని, పిడి ఉన్న ఒక తాడు విసిరాడు. నేర్చుకునేవాళ్ళు పిడి పట్టుకుని అలమీద నుంచుంటారు. కుదురు చిక్కగానే వదిలేస్తారు. మొదటిసారి అమ్మాయి లేవకుండానే పడింది. నాకు గుండె ఆగింది. కనుమూసి తెరిచేలోగా పది బారల దిగువన తేలి, నవ్వుతూ గట్టెక్కింది. రెండోసారి, మూడోసారి, అయిదోసారి అంతే. మా ఆవిడ బెంచీమీద కూర్చుని కళ్ళు మూసుకుని ఏదో జపం చేసుకుంటున్నది, ప్రతిసారీ "లేచిందా?" అని మాత్రం అడుగుతున్నది.

ఏడోసారికి గురువు తాడు కొస నా చేతికి ఇచ్చాడు. తాను దిగువకి వెళ్ళి నుంచుంటానన్నాడు. "బిగించి లాగవద్దు. ఆమె బరువు మీకు తెలియాలి, మీ బలం ఆమెకి తెలియకూడదు" అన్నాడు. గడ్డిమీద మడమలు తన్నిపెట్టి నుంచున్నాను. తాడు బిగిసింది. ఆ బిగింపులో నీళ్ళ అదురంతా చేతికి తెలుస్తున్నది, లాకు తలుపు గొలుసు పట్టుకుంటే అదిరినట్టు. అమ్మాయి లేచింది. వంగింది. మోకాళ్ళు వణుకుతున్నాయి. నా వంక చూడలేదు, చెప్పినట్టే ఎదటి గట్టు వంక చూస్తున్నది.

ఉన్నట్టుండి నా చేతిలో తాడు తేలికైపోయింది. పిడి నీళ్ళలో కొట్టుకుపోతున్నది. అమ్మాయి మాత్రం అలమీదే ఉన్నది. మూడు లెక్కపెట్టేంతసేపు, నాలుగేమో.

"లేచిందా?" అన్నది మా ఆవిడ.

"కళ్ళు తెరువు" అన్నాను.

మేము వచ్చేశాక అది నేర్చుకుంటూనే ఉన్నది. 2023 నాటికి ఐస్‌బాఖ్ వరసలో నుంచునేంతదైంది. అలా అని భయం పోయిందనుకోకండి. 2025 ఏప్రిల్‌లో మా ఇంట్లో ఫోనులో వార్త చూచాను: ఐస్‌బాఖ్ అల దగ్గర రాత్రివేళ సర్ఫింగ్ చేస్తూ ఒక యువతి ప్రమాదంలో చిక్కుకున్నది, కాలికి పలకని కట్టిన తాడు అడుగున దేనికో పట్టుకున్నది. వయస్సు ముప్పయ్మూడు. మా అమ్మాయికి ముప్పయ్యి రెండు. ఫోను చేశాను, తియ్యలేదు. మళ్ళీ చేశాను. నలభై నిమిషాలు. మా ఆవిడ దేవుడి గదిలోకి వెళ్ళి తలుపు వేసుకున్నది. చివరికి ఎత్తి, "మీటింగులో ఉన్నాను నాన్నా, ఏమైంది?" అన్నది. ఏమీ లేదమ్మా అన్నాను. అప్పుడది ఏడ్చింది, వార్త దానికి ముందే తెలుసు. ఆ యువతి కొద్దిరోజులకి ఆసుపత్రిలో పోయింది. అల మూసేశారు. జూన్ చివర తెరిచినప్పుడు కొత్త నిబంధనలు వచ్చాయి: రాత్రి పదినుంచి తెల్లవారి అయిదున్నర దాకా ఆట కూడదు, పద్నాలుగేళ్ళ లోపువారు దిగకూడదు, తాడు కట్టుకుంటే లాగితే ఊడిపోయేదే కట్టుకోవాలి. గడ్డిమీద గురువు రెండుసార్లు చెప్పిన మాట నాకు గుర్తుకొచ్చింది.

ఆ అక్టోబరులో ఇంకో విచిత్రం జరిగింది. మనకి వేసవిలో డెల్టా కాలవలు కట్టేసి పూడికలు తీసినట్టే, అక్కడ ఏటా ఆకురాలే కాలంలో ఊళ్ళో వాగులు కట్టేసి శుభ్రం చేస్తారు. 2025లో అలాగే చేసి, నెల చివర నీళ్ళు వదిలారు. కెరటం లేవలేదు! యాభయ్యేళ్ళుగా లేచిన కెరటం ఉత్త తెల్లనురగై పారిపోయింది. అడుగున పేరుకున్న కంకర మరీ ఎక్కువగా తీసేశారని కొందరన్నారు. నగరపాలకులు నీరు పెంచి చూచారు, లేవలేదు. అమ్మాయి ఫోను చేసి, "నాన్నా, మీ లస్కరు ఉంటే ఏం చేసేవాడు?" అన్నది.

అది ఆ మాట అడుగుతుందని నేను ఎన్నడూ అనుకోలేదు. ఆ రాత్రి పాత గ్రాఫు కాగితం వెతికి తీసి, కాలవ అడుగు గీత, రాతిదిమ్మెలు, వంతెన, నీటిమట్టం అన్నీ అంచనామీద గీశాను. కంకర పోయిన చోట వాలు మారింది, అంచేత నీరు ఎగదన్నడం లేదు. లస్కరు అయితే అడుగున అడ్డంగా ఒక దూలం వేసి చూచేవాడు. దూలం ఎక్కడ పడాలో ఎర్ర పెన్సిలుతో గుర్తుపెట్టి, ఫొటో తీసి పంపించాను.

క్రిస్మస్ నాడు అమ్మాయి ఒక ఫొటో పంపింది. ఎవరో రాత్రికి రాత్రి వంతెన కింద దూలం అమర్చారుట. కెరటం లేచింది, జనం చప్పట్లు కొడుతున్నారు. ఆ దూలం నా ఎర్ర పెన్సిలు గుర్తు చూచి వేసింది కాదు సుమండీ. అక్కడివాళ్ళకి ఆ వాగు సంగతి నాకంటె బాగా తెలుసు. రెండుమూడు రోజులకే నగరంవాళ్ళు వచ్చి దాన్ని పీకేశారు. సంగతి వినగానే నేను మళ్ళీ గ్రాఫు కాగితం ముందర వేసుకున్నాను.

మా ఆవిడ నిద్రలోంచి లేచి వచ్చి చూచి, "అర్ధరాత్రివేళ ఏ కాలవకండీ ఎస్టిమేటు?" అన్నది.

"జర్మనీలో ఒకటి ఉందిలే" అన్నాను.

"అయితే దీపం ఆ పక్కకి జరుపుకోండి" అని, తనూ కుర్చీ లాక్కుని కూర్చున్నది.